తాటిదూలాల ఇల్లు

మా ఇంటికి కొత్తగా వచ్చినవాళ్ళు కుర్చీలో కూర్చోకముందే తలెత్తి కప్పుకేసి చూస్తారు. "ఇవేమి దూలాలండీ?" అంటారు. "తాటిదూలాలు" అంటాను. "ఇంకా వున్నాయా ఇవి!" అంటారు. ఆ మాటలో ఆశ్చర్యమెంతో, జాలి ఎంతో నాకు ఇప్పటికీ అంతుబట్టలేదు. కాఫీ గ్లాసు చేతికిచ్చేసరికి మాత్రం రెండో ప్రశ్న తప్పకుండా వస్తుంది: "మీ నాచారంలో గజం ఎంత పలుకుతోందండీ?"

గజం ధర నాకు తెలియకపోలేదు. చెప్పడం ఇష్టంలేక, "మా తమ్ముణ్ణి అడగాలి" అంటాను. తమ్ముడు విశాఖపట్నంలో వుంటాడు కాబట్టి ప్రశ్న అక్కడితో ఆగిపోతుంది.

మా నాన్నగారు పశ్చిమ గోదావరి జిల్లావారు. ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన మరుసటి సంవత్సరం, అంటే 1957లో, పొట్ట చేతపట్టుకుని హైదరాబాదు వచ్చారు. తార్నాకలో రీజినల్ రీసెర్చి లేబరేటరీలో స్టోర్సు గుమాస్తా ఉద్యోగం. నిజాం రాజ్యంలో 1944లో మొదలైన పరిశోధనాశాల అది. 1956లో కేంద్రప్రభుత్వపు శాస్త్ర పరిశోధనా మండలి చేతికి వచ్చింది. (1989లో దాని పేరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ కెమికల్ టెక్నాలజీగా మారింది. మా అమ్మ మాత్రం చివరిదాకా "మీ నాన్న లేబరేటరీ" అనే అన్నది.) నేను పుట్టింది ఆ సంవత్సరమే. సీతాఫల్‌మండీలో ఒకటిన్నర గది వాటాలో ఆరేళ్ళు కాపురం చేశాం. ఆ అరగదిలోనే వంట, స్నానం, నా చదువూను.

నాచారంలో స్థలం చవకగా వస్తున్నదని ఎవరో చెబితే నాన్నగారు సైకిలు మీద వెళ్ళి చూసొచ్చారు. అమ్మ ఆత్రంగా, "ఎలా వుందండీ?" అంటే, "బండలున్నాయి" అన్నారు. "ఇంకా?" అంటే, "ఇంకా పెద్ద బండలున్నాయి" అన్నారు. ఆయన అబద్ధమాడలేదు. ఏనుగులు వరుసగా పడుకున్నట్టు నల్లరాళ్ళు, వాటి నడుమ సీతాఫలం పొదలు, దూరాన చెరువు, ఉత్తరంగా మౌలాలీ గుట్ట, ఇటు ఉప్పలు వైపు వరిపొలాలు, చెరువు గట్టున తాటివనం. సాయంత్రమైతే నక్కల కూతలు. 1961లో ఉప్పలు రోడ్డు మీద భూభౌతిక పరిశోధనా సంస్థ వచ్చింది. అందులో ఒకాయన నాన్నగారితో, మన రాళ్ళ వయస్సు 250 కోట్ల సంవత్సరాలకు పైమాటే అని చెప్పారట. "అంత పెద్దవాళ్ళను కదిలించడం మర్యాద కాదు" అని నాన్నగారు రాళ్ళున్నచోట రాళ్ళను వుంచి, సందు దొరికినచోట ఇల్లు మొదలుపెట్టారు. అందుకే మా ఇల్లు ఎటునుంచి చూసినా కాస్త వంకర.

ఒక్క బండ మాత్రం సరిగ్గా వీధిగుమ్మం రావలసినచోట వుంది. వడ్డెరవాళ్ళు వచ్చి, దాని మీద కట్టెలు పేర్చి రాత్రంతా మంట పెట్టి, తెల్లవారి సమ్మెటతో కొడితే పొరలుపొరలుగా లేచింది. ఆ రాయే గోడలైంది. గానుగలో ఎద్దును తిప్పి నూరిన సున్నం, కింద షాబాదు బండలు, పైన బంగళా పెంకులు అనుకున్నారు. పెంకుల కిందికి దూలాలు కావాలి. టేకు ధర అడిగి నాన్నగారు మారుమాట లేకుండా సైకిలెక్కేశారు.

అప్పుడు వచ్చాడు గౌడ్ తాత.

ఆయన పేరు పెట్టి పిలిచినవాళ్ళను నేను చూడలేదు. చెరువు గట్టు తాళ్ళు గీసేవాడు. నడుముకు మోకు, చెవిలో చుట్ట, మోకాళ్ళ మీద కాయలు కాచిన నల్లమచ్చలు. పునాదుల దగ్గర నిలబడి కాసేపు చూసి, "సారూ, గీ గుండ్ల నడుమ ఇల్లేంది? పాములకు తోడుంటవా?" అన్నాడు. నాన్నగారు, "కప్పుకు దూలాలు దొరికితే వుంటాను, గౌడ్ గారూ" అన్నారు. "గారూ" అనేసరికి తాత మొదట నవ్వాడు. తరువాత కూర్చున్నాడు.

ఆ ఏడు పెద్దగాలికి చెరువు గట్టున తాళ్ళు కొన్ని ఒరిగిపోయాయి. కల్లుపారే చెట్టును కొట్టడం గీసేవాడికి ప్రాణం మీదికి వచ్చినట్టే. పైగా పన్ను కట్టిన చెట్టు. పడిపోయిన చెట్టు సంగతి వేరు. పడినవీ, ఎండి మోడైనవీ కలిపి తాత ఏడు చెట్లు ఇచ్చాడు. డబ్బు ఎంత పుచ్చుకున్నాడో నాకు తెలియదు. అమ్మ లెక్కల పుస్తకంలో "తాళ్ళు" అని రాసి ఎదురుగా అంకె వేయకుండా వదిలేసిన చోటు మాత్రం నేను చూశాను.

తాటిచెట్టును చీల్చడం మామూలు పని కాదు. టేకుకు చేవ లోపల వుంటుంది. తాటికి చేవ బయట, బెండు లోపల. మొద్దును మేకులతో నిలువునా రెండుగా చీల్చి, లోపలి మెత్తని బెండు తొలిచేసి, నల్లగా ఇనుములా వుండే పైభాగం మాత్రం మిగుల్చుకోవాలి. ఇక్కడి వడ్రంగి, "నా ఉలి పోతది" అని దణ్ణం పెట్టేశాడు. నాన్నగారు ఊరికి ఉత్తరం రాస్తే, మా తాతగారింటికి దూలాలెత్తిన ముసలి వడ్రంగి సంచీలో ఉలులు పెట్టుకుని రైలెక్కి వచ్చాడు. వస్తూ ఒక డబ్బా నిండా జీడినూనె తెచ్చాడు. చెదపురుగు దగ్గరికి రాకుండా దూలాలకు అది పూస్తారు. తారులా నల్లగా, జిగటగా వుంటుంది. ఒంటికి తగిలితే బొబ్బలే. "ముట్టుకోకండి" అని పెద్దవాళ్ళు పదిసార్లు చెప్పారు కాబట్టి నేనూ తమ్ముడూ పదకొండోసారి ముట్టుకున్నాం. గృహప్రవేశం ఫోటోలో ఇద్దరికీ చేతులకు గుడ్డపీలికలు కట్టి వుంటాయి. అది 1963 మాఘమాసం.

ఆ తరువాత ఆరేళ్ళు చెప్పుకోదగ్గ విశేషాలేమీ లేవు. పిల్లలం పెరిగాం, బండల మీద జారి మోకాళ్ళు పగలగొట్టుకున్నాం, వేసవిలో గౌడ్ తాత తెచ్చిన ముంజలు తిన్నాం. తాత అరుగు మీద కూర్చుని కప్పుకేసి చూసి, "నా తాళ్ళు మంచిగున్నయా, సారూ?" అని అడిగేవాడు. "మీరే చూడండి" అనేవారు నాన్నగారు.

1969 వచ్చింది. నాకప్పుడు పన్నెండేళ్ళు. ప్రత్యేక తెలంగాణా ఉద్యమంతో బళ్ళు మూతపడ్డాయి. ఉస్మానియా విశ్వవిద్యాలయం మాకు దగ్గరే. అక్కడినుంచి రోజుకొక వార్త. వీధుల్లో "గో బ్యాక్" అని కేకలు. ఆ కేకలు మమ్మల్నే అని నాకు అర్థమవడానికి రెండురోజులు పట్టింది. ఇన్నేళ్ళ తరువాత చదివి, విని, నాకు తెలిసిన మాట చెబుతాను: ఆ కోపంలో న్యాయం లేకపోలేదు. 1956లో పెద్దమనుషులు కూర్చుని రాసుకున్న ఒప్పందం కాగితం మీదే వుండిపోయింది. ఇక్కడివాళ్ళకు రావలసిన ఉద్యోగాలు కొన్ని మాబోటివాళ్ళకు వచ్చాయి. నాన్నగారిది అటువంటి ఉద్యోగమా, కాదా అని నేను ఆయన్ను ఎన్నడూ అడగలేదు. అడిగివుంటే బాధపడేవారో, జవాబు చెప్పేవారో.

ఒక సాయంత్రం మా సందులోకి గుంపు వస్తున్నదని కబురొచ్చింది. అమ్మ ఇనుపపెట్టెలో బట్టలు సర్దుతున్నది. నాన్నగారు దీపం చిన్నది చేసి, మమ్మల్ని వెనకగదిలో కూర్చోబెట్టారు. అప్పుడు వీధిగుమ్మం దగ్గర దగ్గు వినబడింది. కిటికీ సందులోంచి చూశాను. గౌడ్ తాత అరుగు మీద కూర్చుని, మోకు పక్కన పెట్టుకుని, తీరిగ్గా చుట్ట వెలిగించుకుంటున్నాడు. వచ్చినవాళ్ళు పిల్లలే, పాతికేళ్ళు దాటనివాళ్ళు. వాళ్ళందరినీ తాత ఎరుగును. వాళ్ళ తండ్రులనూ ఎరుగును. ఎవరో ఏదో అన్నారు. తాత లేవలేదు.

"గీ ఇంటి కప్పు నా తాళ్ళది. కూల్చాల్నంటె నన్నడగాలె" అన్నాడు.

వాళ్ళు వెళ్ళిపోయారు. తాత చుట్ట పూర్తిచేసి తనూ వెళ్ళిపోయాడు. నాన్నగారు బయటికి వచ్చేసరికి అరుగు మీద బూడిద మాత్రమే వుంది. అమ్మ పెట్టెలోని బట్టలు మళ్ళీ బయటికి తీసి దండెం మీద వేసింది.

ఆ తాటివనం ఏమైందని అడుగుతారేమో. పారిశ్రామికవాడలు వచ్చాయి, కాలనీలు వచ్చాయి, ఎన్.టి. రామారావుగారి రామకృష్ణా సినీ స్టూడియో వచ్చింది. షూటింగు చూడ్డానికి ఊళ్ళనుంచి చుట్టాలు వచ్చి మా ఇంట్లో దిగేవారు. ఒక్కొక్క లేఅవుటుకు ఒక్కొక్క వరుస తాళ్ళు పోయాయి. తాత చివరి రోజుల్లో గీయడానికి చెట్టు లేక, మోకు దూలానికి తగిలించి పడుకునేవాడట. ఆయన పోయినప్పుడు నేను పురిటికని ఆస్పత్రిలో వున్నాను. 2007లో మా ప్రాంతం మహానగరపాలక సంస్థలో కలిసింది. 2017 నవంబరులో మియాపూరునుంచి నాగోలు దాకా మెట్రోరైలు నడిచింది. హబ్సిగూడ, ఎన్.జి.ఆర్.ఐ., స్టేడియం, ఉప్పల్ అని స్టేషన్లు వరసగా వెలిశాయి. మెట్రో వచ్చిన నెలకే మా గుమ్మంలోకి బిల్డరు వచ్చాడు.

మంచివాడే, మాటతీరు తెలిసినవాడు. ఐదంతస్తులు, మాకు నాలుగు ఫ్లాట్లు, లిఫ్టు, కారు పెట్టుకునే చోటు. తమ్ముడికి నచ్చింది. వాడి తప్పేమీ లేదు; కూతురి పెళ్ళి దగ్గర పడింది, ఇంటిలో సగం హక్కు వాడిది. మా వారు, "నీ ఇష్టం" అన్నారు. మగవాళ్ళు "నీ ఇష్టం" అన్నారంటే దాని అర్థమేమిటో ఆడవాళ్ళకు వివరించనక్కరలేదు. పెంకులు జారుతున్నాయి, వానాకాలం మూడుచోట్ల గిన్నెలు పెడుతున్నాం. "అమెరికా వెళ్ళొచ్చి సంతకం పెడతాను" అన్నాను.

2018 వేసవిలో న్యూజెర్సీలో మా వాడింట్లో మూడునెలలున్నాం. బ్రిడ్జివాటరు వెంకటేశ్వరస్వామి దర్శనం, ఎడిసన్‌లో దోసెలు, పెద్దపెద్ద దుకాణాలు అన్నీ అయ్యాక, ఒక ఆదివారం మా వాడు, "అమ్మా, నీకు నచ్చే పాత కొంప ఒకటి చూపిస్తా, పద" అని కారెక్కించాడు. గంటన్నర దక్షిణంగా వెళితే గిబ్స్‌టౌన్ అని చిన్న ఊరు. డెలావేరు నదికి ఇవతల. అక్కడ రోడ్డు పక్కన చెట్ల నీడలో ఒక దుంగల ఇల్లు.

నాత్‌నాగిల్ ఇల్లు అంటారు దాన్ని. 1638కీ 1643కీ మధ్య కట్టారని చెబుతారు. ఆ దేశంలో కట్టినచోటనే నిలిచివున్న దుంగల ఇళ్ళలో అతి పాతదని పేరు. మ్యూజియం కాదు, ఒకరి సొంత ఇల్లు. లోపలికి వెళ్ళడం మాకు కుదరలేదు. బయట నిలబడే చూశాం. ఒక్క గది అంత కట్టడం. గొడ్డలితో చదునుచేసిన దుంగలు ఒకదాని మీద ఒకటి. మూల దగ్గర పావురం తోకలా విచ్చుకున్న కొసలు ఒకదానిలో ఒకటి ఇమిడి, మేకు అవసరం లేకుండా బిగుసుకున్నాయి. సందుల్లో మట్టి మెత్తారు. దాన్ని ఆనుకుని తరువాతి తరాలవాళ్ళు కట్టుకున్న పెద్ద ఇల్లు వుంది. పాతదాన్ని పడగొట్టలేదు. పక్కన కలుపుకున్నారు, అంతే.

మా వాడు ఫోనులో చదివి వినిపించాడు. 1638 మార్చిలో స్వీడన్ దేశపు ఓడలు రెండు, కాల్మార్ నికెల్, ఫోగెల్ గ్రిప్ అనేవి, డెలావేరు నదిలోకి వచ్చాయట. వచ్చినవాళ్ళు తమ చిన్న రాణి క్రిస్టీనా పేర కోట కట్టారు. నేటి విల్మింగ్టన్ నగరం అక్కడిదే. పదిహేడేళ్ళకే, 1655లో, డచ్చివాళ్ళు వాళ్ళ రాజ్యం పుచ్చుకున్నారు. కాని ఇల్లు కట్టే పద్ధతి మిగిలింది. స్వీడన్‌వాళ్ళతో పాటు వచ్చిన ఫిన్లాండు అడవి రైతులు గొడ్డలిపనిలో ఘనులు. అడవి నరికి, తగలబెట్టి, ఆ బూడిదలో విత్తనం చల్లేవాళ్ళు. "మన మన్యంలో పోడు లాగేరా" అన్నాను. వాళ్ళనుంచి నేర్చుకునే అమెరికావాళ్ళు పడమటి దాకా దుంగల ఇళ్ళు కట్టుకుంటూ పోయారట. 1809లో లింకన్ పుట్టింది అటువంటి ఇంట్లోనే. 1840 ఎన్నికలలో హారిసన్ అనే ఆయన దుంగల ఇంటి బొమ్మతో ఊరేగి గెలిచాడు. పాపం, ఆయన పుట్టింది మాత్రం పెద్ద మేడలో. అక్కడా ఇక్కడా రాజకీయాలొకటే.

ఆ ఇల్లు లేచినప్పుడు మన గోలకొండలో అబ్దుల్లా కుతుబ్‌షా రాజ్యం చేస్తున్నాడు. ఆయన తల్లి హయాత్‌బక్షీ బేగం పేరనే ఉప్పలుకు అవతల హయత్‌నగరం వెలిసింది. అంత పాత ఇల్లు! చూస్తూ చూస్తూ నేను మా వాణ్ణి అడిగాను: "ఒరేయ్, వీళ్ళు రాకముందు ఇక్కడెవరున్నారు?"

"లెనాపే అనే తెగవాళ్ళమ్మా. ఈ నది, ఈ అడవి అంతా వాళ్ళదే."

"వాళ్ళిప్పుడెక్కడున్నారు?"

"చాలామందిని పడమటికి తరిమేశారు. ఓక్లహోమాలో, కెనడాలో వున్నారట." కాసేపాగి, "ఇంటికి వెళదామా?" అన్నాడు.

దారిపొడుగునా నేను మాట్లాడలేదు. కోడలు, "అత్తయ్యా, ఒంట్లో బాగాలేదా?" అని రెండుసార్లు అడిగింది. ఆ దుంగలు నరికిన చెట్లు ఎవరివి, అడిగి నరికారా అనేదే నా ఆలోచన. దాని వెనకే గౌడ్ తాత మాట. కూల్చాల్నంటె నన్నడగాలె. యాభై ఏళ్ళుగా ఆ మాటను మా ఇంటిని కాపాడిన మాటగా పిల్లలకు చెప్పుకుంటూ వచ్చాను. అందులో మేము తీర్చవలసిన బాకీ కూడా వుందని ఎన్నడూ తోచలేదు.

నాచారం చేరిన మూడోరోజు గౌడ్ తాత మనవడింటికి వెళ్ళాను. నా దగ్గర ఆరో తరగతి చదివాడు. రెండు ఆటోలున్నాయి, కాలనీ దాటాక ఇరుకు సందులో రెండుగదుల ఇల్లు. "టీచరమ్మా, మీరొచ్చుడేంది? ఫోన్ చేస్తె నేను రాకపోదునా!" అని కుర్చీ తుడిచాడు. సంగతి చెప్పాను. ఇల్లు ఇద్దామనుకుంటున్నామని, అడగడానికి వచ్చానని. వాడు మొదట నేను హాస్యమాడుతున్నాననుకున్నాడు.

"నన్నడుగుడేంది టీచరమ్మా? మీ ఇల్లు మీ ఇష్టం."

"మీ తాత అడగమన్నాడు" అన్నాను.

వాడు నవ్వడం మానేశాడు. మరునాడు పొద్దున్నే వచ్చాడు. స్టూలెక్కి ఒక్కొక్క దూలమే చేత్తో తడిమాడు. మూడో దూలం దగ్గర ఆగి, "గిదేందో చెక్కినట్టుంది" అన్నాడు. యాభై ఏళ్ళ మసి, జీడినూనె పేరుకుని వున్నాయి. గుడ్డతో రుద్దితే వంకరటింకర గీతలు రెండు బయటపడ్డాయి. అన్నేళ్ళు ఆ దూలం కింద పడుకుని కూడా మేమెవరమూ చూడలేదు. మా సందు చివర వుండే రిటైరైన ఉర్దూ మాస్టారిని పిలుచుకొచ్చాం. ఆయన కళ్ళద్దాలు పైకెత్తి, కిందికి దించి, "అఠ్ఠాయీస్. ఇరవై ఎనిమిది" అన్నారు. నిజాం జమానాలో గీతచెట్లకు పన్ను వేసేవారని, చెట్టుకు నంబరుండేదని ఆయనే చెప్పారు.

మనవడు స్టూలు దిగలేదు. "తాత అంటుండె, ఇరవై ఎనిమిది నంబరుది మస్తు పారుతదని. గదేందో నాకు సమజ్ గాలె చిన్నప్పుడు" అన్నాడు. ఆ అంకెల మీద చెయ్యి వేసి అలాగే వుండిపోయాడు. నేను వంటింట్లోకి వెళ్ళి కాఫీ కలపడంలో కావలసినదానికన్న ఎక్కువ సేపు చేశాను.

వెళ్ళేటప్పుడు, "అమ్మితె అమ్ముండ్రి టీచరమ్మా, వద్దనను. గని గీ చెట్టు మాత్రం నాకియ్యుండ్రి" అన్నాడు.

తమ్ముడికి ఫోనుచేసి చెప్పాను. వాడు చాలాసేపు ఏమీ అనలేదు. తరువాతి శనివారం రైలెక్కి వచ్చాడు. అన్నం తిని, స్టూలెక్కి అంకెలు చూశాడు. "అక్కయ్యా, ఆ అమెరికావాళ్ళు పాతదాన్ని వుంచి పక్కన కట్టుకున్నారన్నావే, ఎలాగ?" అన్నాడు. టేపు పట్టుకుని పెరడంతా కొలిచాం. వెనకవైపు బండలున్నచోటు 220 గజాలు తేలింది. దారి కూడా వేరే వుంది. అది వాడి వాటాగా తీసుకుని అమ్ముకుని పెళ్ళి చేస్తానన్నాడు. ముందుభాగం నాకు. బిల్డరు లెక్కలు వేసి, "ఇలాగైతే నాకు గిట్టదండీ" అని వెళ్ళిపోయాడు. ఆ 220 గజాలూ మరొకరు కొనుక్కున్నారు, బండలతో సహా. తమ్ముడి కూతురి పెళ్ళి 2019 వైశాఖంలో అయింది.

పెళ్ళి అయ్యాక పెంకులు దింపించాం. ఇరవై ఎనిమిదో నంబరు దూలాన్ని మనవడికివ్వబోతే, తీసుకెళ్ళడానికి వాడింట్లో అంత పొడుగు గోడ లేదు. కొలిచి చూసుకుని నవ్వుకున్నాడు. "ఈడనే ఉండనియ్యుండ్రి. కని నాదే" అన్నాడు. నాదేనని ఒక కాగితం మీద నాచేత రాయించుకుని జేబులో పెట్టుకున్నాడు. తమ్ముడు పలాసనుంచి జీడినూనె డబ్బా తెప్పించాడు. మనవడు, తమ్ముడు, ఇద్దరూ బనియన్లతో నిచ్చెనలెక్కి రెండురోజులు పూశారు. చేతికి తొడుగులు వేసుకోండిరా అని పదిసార్లు చెప్పాను.

అరవై దాటిన వయస్సులో తమ్ముడు మళ్ళీ చేతులకు గుడ్డపీలికలు కట్టుకుని విశాఖపట్నం రైలెక్కాడు.